కరెంటాయన కొంగలు

మొన్న మంగళవారం విజయవాడలో, మా మూడో అంతస్తు బాల్కనీలో, పట్టపగలు దొంగతనం జరిగింది. దొంగ నల్లగా ఉంది. మెడ చుట్టూ బూడిదరంగు మఫ్లరు ఉంది. నా తెల్లచొక్కా తగిలించిన ఇనప హ్యాంగరును అటూ ఇటూ తిప్పి పరీక్షించి, చొక్కాను మాత్రం మర్యాదగా కింది వీధిలోకి వదిలేసి, హ్యాంగరు ముక్కున కరుచుకుని ఎదురు అపార్ట్‌మెంటు మీదున్న సెల్ టవరు వైపు ఎగిరిపోయింది. చొక్కా వెళ్లి పునుగుల బండి మీద పడింది. బాండీలో పడకుండా అంగుళం దూరంలో ఆగింది కాబట్టి ఆ సాయంత్రం బెజవాడ జనం మామూలు పునుగులే తిన్నారు, లేకపోతే చొక్కా బజ్జీ తినేవాళ్లు.

మా ఆవిడ కాకిని తిట్టింది. ఎలాగూ మొదలుపెట్టాను కదా అని నన్ను కూడా తిట్టింది. నేను మాత్రం ఆ టవరు వైపే చూస్తూ నిలబడిపోయాను. ఇనప తీగ మోసుకెళ్లే కాకిని చూస్తే నాకు ఒకే ఒక్క మనిషి గుర్తొస్తాడు. ఆయన పోయి రెండేళ్లయింది. ఉంటే ఈపాటికి ఆ టవరెక్కి, గూడు చూసి, దిగొచ్చి, "నీ హ్యాంగరు మంచి చోటే పెట్టింది అబ్బాయ్, కంగారు పడకు" అని నాకు ధైర్యం చెప్పేవాడు.

ఉయ్యూరు దాటాక, పేరు చెబితే ఆ ఊరివాళ్లు నా మీదకి వస్తారు కాబట్టి పేరు చెప్పని ఒక ఊళ్లో, నేను సబ్‌స్టేషన్ ఆపరేటరుగా కొంతకాలం వెలగబెట్టాను. ఆపరేటరు అంటే చాలా గొప్ప ఉద్యోగం. స్విచ్చి వేయాలి, దాన్ని మేం కరెంటు తోలడం అంటాం. స్విచ్చి తీయాలి. వేసినట్టూ తీసినట్టూ పుస్తకంలో రాయాలి. మిగతా సమయమంతా, కరెంటు ఎప్పుడొస్తుందని ఫోను చేసేవాళ్లకు "వస్తుందండీ" అని చెప్పాలి. ఆ ఊళ్లో ఆయన లైన్‌మన్. ఆయనకు ఒక పేరు ఉండేదని జీతం పట్టీ చూస్తే తెలిసేది. ఊరు మాత్రం ఎప్పుడూ ఆ పేరు వాడలేదు. అందరికీ ఆయన కరెంటాయన. నాకు బాబాయ్.

ఆయన ఎత్తు ఎంతంటే, నిచ్చెన తేవడం మర్చిపోయిన రోజు కూడా పని ఆగేది కాదు. ఆ ఎత్తులో ముప్పాతిక వంతు కాళ్లే. ఖాకీ ప్యాంటు మోకాళ్ల దాకా మడిచి, నాట్లు పడ్డ పొలాల మధ్య గట్టు మీద ఒక్కో అడుగూ ఆచి తూచి వేస్తూ వస్తుంటే, మేత మేస్తున్న కొంగలు ఒకసారి తలెత్తి చూసి, మనవాడే అనుకుని మళ్లీ తల దించుకునేవి. ఇది నేను కల్పించిన మాట కాదు. నన్ను చూసి అవే కొంగలు పొలం ఖాళీ చేసేవి.

ఆయన మనుషులతో మాట్లాడేటప్పుడు మనుషుల్ని చూడడు. పైకి చూస్తాడు. స్తంభం, తీగ, తీగ మీద ఏముంది, తీగ పక్కన చెట్టులో ఏముంది. ఆయనతో మాట్లాడేవాళ్లు కూడా అక్కడ ఏముందోనని పైకే చూసేవాళ్లు. టీ కొట్టు ముందు నలుగురు ఆకాశంలోకి మొహాలు పెట్టుకుని మీటరు రీడింగు గురించి మాట్లాడుకుంటుంటే, కొత్తగా ఊళ్లోకి వచ్చినవాళ్లు విమానం కూలుతోందేమోనని భయపడేవాళ్లు. ఆ ఊరి ఆరెంపీ డాక్టరు మెడనొప్పి మందు అట్టపెట్టెల లెక్కన తెప్పించేవాడని ఒక పుకారు ఉండేది. ఆ పుకారు పుట్టించింది నేనే అయినా, మందు అమ్ముడుపోయిన మాట నిజం.

వాళ్లావిడ అంగన్‌వాడీలో పనిచేసేది. ఒకసారి వాళ్లింట్లో ఉప్మా తింటూ, బాబాయ్ ఎప్పుడూ పైకే చూస్తాడేంటి పిన్నీ అని అడిగాను. ఆమె గరిటె పక్కన పెట్టి చెప్పింది.

"పెళ్లిచూపులకొచ్చినప్పుడు నా మొహం చూడలేదు నాయనా. మా ఇంటి దూలంలో పిచ్చుక గూడు చూశాడు. అబ్బాయి సిగ్గరి అనుకుని మా నాన్న అక్కడికక్కడే ఖాయం చేసేశాడు."

బాబాయ్ దూలం వైపు చూస్తూ, గూడులో మూడు పిల్లలున్నాయని, ఆ సంబంధం బాగుందని అప్పుడే అనుకున్నానని వివరణ ఇచ్చాడు.

పిచ్చుకల విషయంలో ఆయన చేసిన పెద్ద ఘనకార్యం ఊరి చివర చర్చిలో జరిగింది. ఆ వేసవిలో పిచ్చుక జంట ఒకటి సరిగ్గా పాస్టరు గారు నిలబడే చోట ఉన్న ఫ్యాను కప్పులో గూడు పెట్టింది. పెంకుటిళ్లు పోయి స్లాబులు వచ్చాక వాటికి ఊళ్లో దూరడానికి సందే మిగల్లేదు, పాపం దేవుడి ఇల్లు వెతుక్కున్నాయి. కరెంటాయన శనివారం సాయంత్రం వెళ్లి ఆ ఫ్యానుకు వైరు తప్పించి, పిల్లలు ఎగిరేదాకా ఇది తిరగదని పాస్టరు గారికి విన్నవించుకున్నాడు. ఆ ఆదివారం నుంచి పాస్టరు గారు చెమటలు కక్కుతూ ప్రసంగం సగానికి తగ్గించారు. ప్రసంగం తగ్గిందని తెలిసి జనం రెట్టింపయ్యారు. పిచ్చుక పిల్లలు ఎగిరిపోయి ఫ్యాను మళ్లీ తిరిగిన ఆదివారం సంఘంలో కొందరు కంటతడి పెట్టారని నాకు విశ్వసనీయంగా తెలిసింది.

ఇక కాకులు. మా సెక్షన్ ఆఫీసు స్టోరు గదిలో ఇన్సులేటర్లు, ఫ్యూజు వైర్లు ఉండాల్సిన అరల్లో కాకి గూళ్లు ఉండేవి. స్తంభం మీద కాకి తీగలతో గూడు కడితే షార్టయి కరెంటు పోతుంది. తీసెయ్యడం లైన్‌మన్ పని. ఈయన తీసేవాడు గానీ, ముందు పైకెక్కి గుడ్లున్నాయా అని చూసేవాడు. ఉంటే గూడును గూడులాగే ఎత్తి, పక్క చెట్టులో చెక్క కొట్టి దాని మీద పెట్టి, కాకి వచ్చి కూర్చునేదాకా కింద కాపలా ఉండేవాడు. ఆ కాకి కృతజ్ఞతగా ఆయన నెత్తిన పొడిచేది. ఆయన తలకు ఎప్పుడూ రెండు మూడు చోట్ల అయొడిన్ ఉండేది. ఖాళీ గూళ్లు మాత్రం స్టోరులో చేరేవి. ఒక గూట్లో సైకిలు పుల్లలు, ఒక గూట్లో కళ్లజోడు ఫ్రేము, ఒక గూట్లో మొత్తం మా డిపార్ట్‌మెంటు వైరే. ఆ ఆఖరి గూడు చూసి పైనుంచి వచ్చిన స్టోర్సు తనిఖీ ఆయన దాన్ని సామానులో చేర్చాలా వద్దా అని అరగంట ఆలోచించి, చివరికి టీ తాగి వెళ్లిపోయాడు.

"చూడబ్బాయ్," అన్నాడు ఒకరోజు ఒక గూడు నా చేతిలో పెట్టి. "మనం కొమ్మలు కొట్టాం, తీగలు కట్టాం. కాకి కూర్చుని ఏడవలేదు. తీగతో కట్టడం నేర్చుకుంది. అది గట్టిది. అన్నీ అంత గట్టివి కాదు. కొంగ నెమ్మది. అడ్డంగా తీగుంటే తప్పుకోవాలని దాని ఒంటికి తెలియాలంటే ఎన్ని తరాలు పట్టుద్దో. అందాకా మనవే తప్పుకోవాలి."

నేను డిగ్రీలో జువాలజీ చదివాను. పరిణామం మీద పది మార్కుల ప్రశ్నకు ఆరు మార్కులు తెచ్చుకున్నాను. ఈయన ఆ నాలుగు మార్కులూ స్టోరు గదిలో నిలబడి నాకు కలిపాడు.

ఆ కొంగలంటే, ఊరి బయట ఇటుకల బట్టీవాళ్లు మట్టి తవ్వుకుని వదిలేసిన గుంట ఉంది. పదేళ్లలో అందులో నీళ్లు నిలిచాయి, మధ్యలో దిబ్బ మిగిలింది, దిబ్బ మీద తుమ్మచెట్లు లేచాయి. ఎవరు చెప్పారో ఏమో, వానాకాలం రాగానే నత్తగుల్ల కొంగలు దిగి ఆ తుమ్మల మీద గూళ్లు కట్టేవి. చెట్టుకి ఆకులెన్నో కొంగలన్ని. పొద్దున్నే ముక్కులు టకటకలాడిస్తుంటే ఊళ్లో వంద మంది టైపు నేర్చుకుంటున్నట్టు ఉండేది.

ఈ కొంగ ముక్కులో ఒక విచిత్రం ఉంది. మూసినా మధ్యలో సందు మిగిలిపోతుంది. కరెంటాయన తన కటింగ్ ప్లేయరు తీసి చూపించేవాడు. ప్లేయరు మూసినా దాని నోట్లో మధ్యన గుండ్రంగా ఖాళీ ఉంటుంది, గుండ్రని వాటిని జారకుండా పట్టడానికి. కొంగదీ అంతే, నత్తను పట్టడానికి. పిల్లలకు పుట్టుకతో ఆ సందు ఉండదట, పెరిగేకొద్దీ వస్తుందట. "పనిముట్టు చేతికొచ్చాక పని నేర్చుకునేది మనిషి. పని చేస్తా చేస్తా పనిముట్టు తెచ్చుకునేది ఇది" అనేవాడు. ఆ ప్లేయరుతోనే దారిలో ప్రతి స్తంభాన్నీ ఒకసారి తట్టి పలకరించేవాడు. స్తంభం పలికే తీరును బట్టి దాని ఆరోగ్యం చెప్పేవాడు. ఆ ఊరి స్తంభాలకు జరిగినంత వైద్యం మనుషులకు జరగలేదు.

చిక్కేమిటంటే, ఆ తుమ్మల నెత్తి మీదుగా మా పదకొండు కేవీ లైను వెళ్తుంది. కొంగలు తీగ మీద కూర్చుని పింగాణీ ఇన్సులేటర్ల మీద రెట్ట వేస్తాయి. వానకు అది తడిసి కరెంటు కిందికి పాకుతుంది, ఫీడరు ట్రిప్పవుతుంది, అంటే తోలిన కరెంటు నిలబడక ఆ లైను మొత్తం ఆగిపోతుంది. ఇది మా నష్టం. వాటి నష్టం ఇంకా పెద్దది. కొత్తగా రెక్కలొచ్చిన పిల్ల మొదటిసారి గూట్లోంచి లేచి, గాలి సరిగ్గా అందక, పోయి తీగకు తగులుకుంటుంది. ఏటా ఆ రోజుల్లో ఆయన దిబ్బ కిందికి వెళ్లి, చనిపోయిన పిల్లల్ని గోనెసంచీలో వేసి తెచ్చి గట్టున పాతిపెట్టేవాడు. ఆ రోజు మాత్రం పైకి చూసేవాడు కాదు.

మూడో నష్టం రొయ్యల ఆసామిది. ఆయన చెరువులు గుంటను ఆనుకునే ఉంటాయి. ఆ ఫీడరు మీదే ఆయన చెరువుల్లో నీటిని చిలికే ఏరియేటర్లు తిరుగుతాయి. తెల్లవారుజామున నీళ్లలో గాలి తక్కువగా ఉన్నప్పుడు అవి ఆగితే రొయ్యలు ఊపిరాడక పైకి తేలతాయి. ఆసామి దుర్మార్గుడు కాడు. నీటిని దోసిట్లోకి తీసుకుని వాసన చూసి రొయ్య వయసు, మేత, మనసులో బాధ కూడా చెప్పగలిగిన పనివాడు. మీసం మాత్రం ఆయన కంటే ముందు రెండు అడుగులు నడిచేది. కొంగలు కరెంటు తీసెయ్యడమే కాక తన రొయ్యల్ని కూడా తినేస్తున్నాయని ఆయన నమ్మకం. రోజూ తారాజువ్వలు కాల్పించేవాడు. మా ఊరికి దీపావళి ఏడాదికి మూడొందల రోజులు.

ఆసామి పైవాళ్లకు అర్జీ పెట్టాడు. లైను కింద చెట్లు కొట్టించమని మా సెక్షన్ ఇంజనీరు ఏఈ మేడం గారికి కాగితం వచ్చింది. మేడం మంగళగిరి నుంచి వచ్చే మనిషి, చిన్న వయసు, మాట కచ్చితం. కొమ్మలు కొట్టమని కరెంటాయనకు రాసిచ్చింది. ఆయన కాదనలేదు. కత్తి తీసుకుని వెళ్లాడు. వచ్చి రిజిస్టరులో ఇలా రాశాడు: "కొమ్మలు కొట్టుటకు వెళ్లితిని. గూళ్లలో గుడ్లు ఉన్నవి. కావున తిరిగి వచ్చితిని." నెల తర్వాత మళ్లీ వెళ్లాడు. "గుడ్లు పిల్లలైనవి. కావున తిరిగి వచ్చితిని." మరో మూడు వారాలకు: "పిల్లలకు ఈకలు వచ్చుచున్నవి. చూచి తిరిగి వచ్చితిని." మా రిజిస్టరు కొంగల బారసాల పుస్తకమైపోయింది. అది చదవడానికి పక్క సెక్షన్ల నుంచి కూడా వచ్చేవాళ్లు.

నాలుగోసారి మేడం తనే సబ్‌స్టేషనుకు వచ్చి రిజిస్టరు మూసేసింది. నాలుగు రోజులు టైము ఇస్తున్నానని, ఈలోగా మీరు కొట్టకపోతే కాంట్రాక్టు మనుషుల చేత కొట్టిస్తానని, వాళ్లు గుడ్డనీ పిల్లనీ చూడరని చెప్పింది. ఆయన గది కప్పు వైపు చూస్తూ, చెట్లు కాకుండా లైనే పక్కకు జరపొచ్చు కదా మేడం అన్నాడు. ఆమె అర్జీ కాగితం వెనక లెక్క వేసి చూసింది. ఎస్టిమేట్ సంగతి తను చూసుకుంటానంది. కానీ స్తంభాలు వేయడానికి గుంట పక్కన ఉన్న ఒకే ఒక్క జాగా ఆసామి చెరువు గట్టు. ఆయన సంతకం పెట్టి ఇస్తాడా?

ఆసామి ఆ సమయానికి అక్కడే ఉన్నాడు, మరో అర్జీతో. నా రొయ్యల్ని తినే కొంగల కోసం నా గట్టు నేనివ్వాలా అని నవ్వాడు. కరెంటాయన, అవి రొయ్యలు తినవని, నత్తలు తింటాయని చెప్పాడు.

"తినవని నీకు చెప్పినయ్యా?"

"ముక్కు చెప్పిందండి." ప్లేయరు తీసి, సందు చూపించి, పాఠం మొత్తం ఒప్పజెప్పాడు.

ఆసామి ఆ ప్లేయరు చేతిలోకి తీసుకుని మూసి తెరిచి చూశాడు. "సరే. దీంతో నువ్వు మేకు పీకవా? తీగ కొయ్యవా? మా ఇంట్లో కుళాయి తిప్పింది దీంతోనే కదయ్యా. ఒక పనికి చేసిన పనిముట్టు మిగతా పనులు చెయ్యదనా?"

నాకు ఆసామి మీద కోపం రావాల్సింది పోయి, జువాలజీలో ఆయనకు పదికి పది వేయాలనిపించింది.

కరెంటాయన ప్లేయరు వెనక్కి తీసుకుని అన్నాడు: "తిన్నదేదో కక్కుద్ది కదండీ. చూద్దాం."

కొంగలు పిల్లలకు మేత కక్కే పెడతాయి. తెచ్చింది గూట్లో కక్కితే పిల్లలు ఏరుకు తింటాయి, కొంత కింద పడుతుంది. కింద పట్టా పరుద్దాం, రెండు రోజులు ఉంచుదాం, మేడం గారి ఎదుట మీరే వెతకండి, అందులో ఒక్క రొయ్య కాలు దొరికినా నా చేత్తో నేనే చెట్లు కొడతాను. దొరక్కపోతే గట్టు ఇవ్వండి. ఇదీ ఆయన పెట్టిన పందెం. ఆసామి మీసం మీద చెయ్యి వేసి ఒప్పుకున్నాడు.

ఆసామి వెళ్లాక నేను బాబాయ్‌ని పక్కకు లాగాను. పక్కనే రొయ్యల చెరువులున్నాయి, ఇన్ని వందల కొంగల్లో ఒక్కటైనా ఎప్పుడైనా సరదాకి ఒక్క రొయ్య రుచి చూసి ఉండదా అని అడిగాను. ఆయన పైకి చూశాడు. "ఉండొచ్చు" అన్నాడు.

పరచడానికి టార్పాలిన్ బరకం దొరకలేదు. స్టోరులో ఒక పెద్ద ఫ్లెక్సీ ఉంది. మన ప్రియతమ నాయకుడికి జన్మదిన శుభాకాంక్షలు అని ఆసామి అనుచరులు సెంటర్లో కట్టింది. స్తంభానికి ఏదీ కట్టకూడదన్న రూలు ప్రకారం కరెంటాయనే దాన్ని విప్పి తెచ్చాడు. అందులో ఆసామి నిలువెత్తున, చేతులు జోడించి, మీసం పూర్తి విస్తీర్ణంలో నవ్వుతున్నాడు. దాన్నే దిబ్బ మీద, తుమ్మల కింద పరిచాడు. మొహం పైకే ఉండేలా పరిచాడు. ఆయన మాత్రం ఏ ఉద్దేశమూ లేదని ఆఖరి దాకా చెప్పాడు.

రెండు రోజుల తర్వాత పొద్దున పదింటికి ఊరంతా గుంట గట్టు మీద ఉంది. మేడం గారు, ఆసామి, ఆసామి మేనల్లుడు, కరెంటాయన, నేను తాటిదోనెలో దిబ్బ మీదికి చేరాం. మేడం గారు ఆ రోజు లేత నీలం మంగళగిరి చీర కట్టుకుని వచ్చింది. చెట్ల కింద అడుగు పెట్టగానే తెల్లవాన మొదలైంది. నిమిషంలో నీలం చీర మీద కొత్త డిజైను వచ్చింది. ఆమె గొడుగు అడగలేదు, కనీసం మొహం చిట్లించలేదు. పెన్ను తీసి, పంచనామా మొదలుపెట్టండి అంది. ఆ క్షణం నుంచి నాకు ఆమె మీద గౌరవం పన్నెండు రెట్లు పెరిగింది. వాసన గురించి రాయను. మీరు భోజనానికి ముందు చదువుతున్నారేమో.

ఫ్లెక్సీ మీద ఆసామి మొహం ఆసామే గుర్తుపట్టేలా లేదు. ఆయన ఒక్క క్షణం తనవైపు తను చూసుకుని, పంచె ఎగ్గట్టి, గొంతుకూర్చుని, పుల్లతో తన పాదాల దగ్గర నుంచి వెతకడం మొదలుపెట్టాడు. నత్త మాంసం. మళ్లీ నత్త మాంసం. జోడించిన చేతుల మీద నత్త మాంసం. చొక్కా జేబు మీద నత్త మాంసం. ఎంత శ్రద్ధగా వెతికాడంటే, బంగారు ఉంగరం పోయినా ఆయన అంత వెతికి ఉండడు. గట్టు మీద జనం మునికాళ్ల మీద లేచి చూస్తున్నారు. కరెంటాయన గూళ్ల వైపే చూస్తున్నాడు. ఆ గూళ్లలో పిల్లలు రెక్కలు చాపి ఆడిస్తున్నాయి, ఇంకో వారంలో ఎగిరేలా ఉన్నాయి.

పుల్ల మీసం దగ్గరికి వచ్చి ఆగింది.

ఎర్రటి చిన్న కాలు ఒకటి మీసం కొన మీద పడి ఉంది. గెణుపులున్న కాలు. మేనల్లుడు ముందుకు వంగి చూసి, దొరికింది మావయ్యా అన్నాడు. గట్టు మీద ఎవరో ఈల వేశారు. నేను బాబాయ్ వైపు తిరిగాను. కరెంటాయన పైనుంచి చూపు దించలేదు గానీ, నడుముకున్న కత్తి పిడి మీద చెయ్యి వేశాడు. మాట ఇస్తే అంతే ఆ మనిషి. కొట్టేసేవాడు. ఆ తర్వాత ఏమైపోయేవాడో నాకు తెలియదు.

ఆసామి ఆ కాలును అరచేతిలోకి తీసుకున్నాడు. కళ్లజోడు పెట్టుకున్నాడు. వెలుగులోకి తిప్పాడు. నీళ్లలో కడిగి మళ్లీ చూశాడు. వాసన చూశాడు. ఆ వాసన చూడటంలో ఆయన మొహం మారిపోయింది. పందెం కట్టినవాడి మొహం పోయి పనివాడి మొహం వచ్చింది.

"ఇది రొయ్య కాలు కాదు," అన్నాడు. "పొలం పీత."

మేనల్లుడు చెవి దగ్గర గొణిగాడు. గొణుగుడే అయినా పక్కనే ఉన్న మా అందరికీ వినపడింది. "రొయ్యనేయండి మావయ్యా. ఎవరికి తెలుసుద్ది?"

"నాకు తెలుసుద్ది కదరా," అన్నాడు ఆసామి.

పుల్ల పారేసి లేచి నిలబడి, మేడం గారి చేతిలోంచి కాగితం తీసుకుని, గట్టు ఇస్తున్నట్టు అక్కడే, ఆ తెల్లవానలోనే సంతకం పెట్టాడు. కాగితం మీద ఆయన సంతకం పక్కనే ఒక కొంగ కూడా సంతకం పెట్టింది. ఆ కాగితం ఇప్పటికీ మా ఆఫీసు ఫైల్లో ఉంది, కావాలంటే చూసుకోవచ్చు.

అప్పుడు కరెంటాయన తల దించాడు. ఎదురుగా ఉన్న మనిషి మొహంలోకి నేరుగా చూశాడు. చాలాసేపు చూశాడు, ఆసామికి ఇబ్బంది కలిగేంతసేపు. తర్వాత రెండు చేతులూ జోడించాడు. ఆసామి ఆ చేతులు పట్టుకుని దించేసి, మరి నా రొయ్యల్ని తినేది ఏదయ్యా అని అడిగాడు. నీటికాకులండీ, వాటికి నేను హామీ ఉండనండీ అన్నాడు ఆయన. ఇద్దరూ నవ్వారు. గట్టు మీద జనానికి ఏం జరిగిందో దోనె ఒడ్డుకు చేరాక గానీ తెలియలేదు. తెలిశాక వాళ్లు వేసిన కేక కంకిపాడు దాకా వినపడింది. నేను కంకిపాడులో లేను గానీ, వినపడే ఉంటుంది.

మేడం గారు ఎస్టిమేట్ పట్టుకుని పైవాళ్ల దగ్గర నాలుగు రోజులు కూర్చుంది. ఆ రెట్ట మరకల చీరే మళ్లీ కట్టుకుని వెళ్లిందని, ఆ వాసనకే సంతకాలు త్వరగా అయ్యాయని అంటారు. అయిదో రోజున స్తంభాలు వచ్చాయి. ఆసామి గట్టు బురద నేల, ట్రాక్టరు దిగబడుతుంది. ఊరి మగాళ్లు తాళ్లు కట్టి, ఒక్కో స్తంభాన్నీ రథం లాగినట్టు లాగారు. ఆడవాళ్లు గట్టు మీద గంజి కుండలు పెట్టుకుని, ఎవరు నిజంగా లాగుతున్నారో ఎవరు తాడు పట్టుకుని నటిస్తున్నారో పేర్లు పెట్టి చెప్పారు. మేనల్లుడు అందరికంటే ముందు నిలబడి లాగాడు. తారాజువ్వల కట్టలు మిగిలిపోతే ఆసామి వాటిని చెరువులో ముంచేశాడు.

కొత్త లైను గట్టు మీద సిద్ధమయ్యాక పాత తీగ దించాలి. చెట్ల మీద చెయ్యి వేయకూడదు, పిల్లలు బెదరకూడదు. కొంగ పిల్లలు ఎండ ఎక్కి గాలి వెచ్చబడితే గానీ రెక్క కదపవని ఆయనకు తెలుసు. ఆ మూడు నెలలూ ఆయన చూసింది అదే. అందుకని పొద్దు పొడవగానే పని పెట్టుకున్నాడు. నేను సబ్‌స్టేషనులో కూర్చున్నాను. మా పనిలో దీనికి లైన్ క్లియర్ అంటారు. లైను మీద పనిచేసే మనిషి ఆపరేటరును అడిగి లైను ఆపించుకుంటాడు. పని అయ్యాక మళ్లీ ఆ మనిషే, తన నోటితో, అందరూ దిగారని చెప్పాలి. ఇంకెవరు చెప్పినా, మంత్రి గారు చెప్పినా, ఆపరేటరు స్విచ్చి ముట్టకూడదు.

ఆయన తీసుకున్నాడు. నేను ఇచ్చాను. రాసుకున్నాను. తర్వాత మూడు గంటలు నేను పడ్డ అవస్థ నలుగురు పిల్లల తల్లి కూడా పడి ఉండదు. రెండు టీలు తాగాను, చల్లారిన మూడోది కూడా తాగాను. ఊళ్లోవాళ్లు ఒక్కరు కూడా కరెంటు ఎప్పుడొస్తుందని ఫోను చేయలేదు. ఆ సబ్‌స్టేషను పుట్టాక అలాంటి పొద్దు అదొక్కటే. ఊరంతా గుంట దగ్గర ఉంది మరి.

ఫోను మోగింది. ఆయనే. వెనక జనం కేకలు, ఈలలు, వాటి మధ్య ఎవరో దుప్పట్లు దులుపుతున్నట్టు పెద్ద పెద్ద రెక్కల చప్పుడు. ఆయన గొంతు మాత్రం డ్యూటీ గొంతే.

"లైన్ క్లియర్ తిరిగి ఇస్తున్నాను. పాత తీగ దించేశాం. కొత్తది కలిపాం. ఎర్తు గొలుసులు తీశాం. మనుషులందరూ దిగారు."

రూలు ప్రకారం నేను ఒక మాట అడగాలి. అడిగాను.

"లైను మీద ఎవరూ లేరు కదా బాబాయ్?"

"లైను మీద ఎవరూ లేరబ్బాయ్." రెక్కల చప్పుడు ఫోను మీదుగా దాటిపోయింది. ఇంకొకటి. ఇంకొకటి. అప్పుడు గానీ ఆ డ్యూటీ గొంతు పగల్లేదు. "లైను లేనిచోట బోల్డంతమంది ఉన్నారు. తోలు కరెంటు."

తోలాను. నిలబడింది.